పొట్టన పెట్టుకున్న మాట

శంఖవేల రాజ్యంలో పుస్తకానికి కూడా అంబారీ కడతారు. ఆ ఉదయం పట్టపుటేనుగు మీద, ముత్యాల గొడుగు నీడన, ఎర్ర పట్టు దిండు మీద, నూటెనిమిది తాటాకుల గ్రంథం ఒకటి ఊరేగుతూ వచ్చింది. దంతపు అట్టలు, బంగారు అంచులు, పగడాలు గుచ్చిన కట్టుతాడు. ముందు బూరగాళ్ళు బుగ్గలు పగిలేలా ఊదుతున్నారు. ఇరుపక్కలా మేడల మీంచి ఆడవాళ్ళు పూలరేకులు గుప్పుతున్నారు. ఆ గ్రంథం పేరు 'రాక్షసద్వీప విజయం'. రాసినవాడు, కాదు, తన పేరు మీద రాయించుకున్నవాడు, నౌకాధిపతి జయంధరుడు. మహారాజు చండకీర్తికి స్వయానా మేనల్లుడు.

ఏనుగు వెనక పదహారుమంది బోయీలు ఇనుప పంజరం మోసుకొస్తున్నారు. అందులో ఒక ముసలమ్మ మోకాళ్ళు ముడుచుకుని కూర్చుంది. ఒంటికి బొగ్గు మసి పూశారు. తలకు ఎర్ర పీచు కట్టారు. పెదవులకు అటూ ఇటూ అడవిపంది కోరలు మైనంతో అతికించారు. ఎండకు మైనం కరిగి ఆమె గడ్డం మీదికి కారుతున్నది.

"అదుగో రాక్షసి! తిను, తినవే!" అంటూ జనం పచ్చి మాంసం ముక్కలు విసురుతున్నారు. ఆమె తన ఒళ్ళో పడ్డ ముక్కల్ని ఒక్కొక్కటే తీసి, పంజరం మూలన పేర్చి, వేళ్ళు ఊచలకు రుద్దుకుంటున్నది. ఆ శుభ్రత చూసి కూడా ఎవడికీ సిగ్గు కలగలేదు.

గుంపులో నిలబడ్డ శరభుడు ముఖం తిప్పుకున్నాడు. శరభుడు జాలరి బిడ్డ. ఎనిమిది భాషలు తెలిసినవాడని జయంధరుడు తన ఓడలో ద్విభాషిగా తీసుకుపోయాడు. ఆ ముసలమ్మ పేరు తావోరు అనీ, ఆమె రాక్షసి కాదనీ, జయంధరుడి ఓడవాళ్ళు కాక ఈ నగరంలో తెలిసినవాడు అతనొక్కడే. అతను బతికి ఉన్నాడని మాత్రం ఎవరికీ తెలియదు.

జరిగింది ఇదీ. రెండేళ్ళ కిందట యువరాజు కువలయుడి ఓడ తూర్పు సముద్రంలో బద్దలైంది. వెతకబోయిన జయంధరుడు లవాయు అనే దీవిలో దిగాడు. యువరాజు సంగతి అడిగితే తావోరు నవ్వుతూ పొట్ట మీద చెయ్యి వేసుకుని ఒక మాట చెప్పింది. శరభుడు దాన్ని మాటకు మాటగా తెనిగించాడు: "మీవాణ్ణి కడుపులో పెట్టుకున్నాం అంటోంది." బిడ్డలా చూసుకుంటున్నామని ఆమె భావం. యువరాజు పక్క దీవికి చేపలవేటకు పోయాడనీ, నాలుగు రోజుల్లో వస్తాడనీ కూడా చెప్పింది. అంతటితో ఆగక, "ఆ తల్లి ఎంత ఏడుస్తోందో! నేను వచ్చి నా నోటితో చెబుతాను" అని తనంతట తానే ఓడెక్కింది. బయల్దేరే ముందు ఓడలోని ప్రతివాడి తలనూ దగ్గరకు తీసుకుని నడినెత్తి మూర్కొని దీవించింది.

జయంధరుడు నాలుగు రోజులు ఆగలేదు. యువరాజు లేకపోతే సింహాసనం తనదే. దినచర్య రాసే లేఖకుడి చేత ఆ మాటను 'పొట్టన పెట్టుకున్నారు' అని రాయించాడు.

"దొరా, అది తప్పండి. కడుపులో పెట్టుకోడం అంటే సాకడం. పొట్టన పెట్టుకోడం అంటే చంపడం గదండీ" అన్నాడు శరభుడు.

"కడుపైతేనేం, పొట్టైతేనేం? రెండూ మెడకు కిందా మోకాళ్ళకు పైనా ఉండేవే గదరా!" అన్నాడు జయంధరుడు. ఓడంతా విరగబడి నవ్వింది.

శరభుడూ నవ్వాడు. రాజధానికి చేరాక ప్రధాన ద్విభాషి పదవి ఇప్పిస్తానని అప్పటికే జయంధరుడు మాట ఇచ్చి ఉన్నాడు. ఆ నవ్వు గుర్తొస్తే ఇప్పటికీ తన ముఖం మీద తనకే ఉమ్మాలనిపిస్తుంది. పక్షం రోజుల తర్వాత మనసు ఊరుకోక మళ్ళీ ఆ మాటే ఎత్తాడు. ఆ సాయంకాలమే ఇద్దరు మనుషులు అతణ్ణి ఓడ అంచు మీంచి నీళ్ళలోకి తోసేశారు. ఈత వచ్చినవాడు కాబట్టీ, ఉప్పు పడవవాళ్ళు చూసి ఎక్కించుకున్నారు కాబట్టీ ఈ రోజు ఇక్కడున్నాడు.

ఈ రోజు మిట్టమధ్యాహ్నానికి గ్రంథపఠనం ముగుస్తుంది. ముగియగానే 'రాక్షసి' తల నరుకుతారు. ఆ నెత్తుటి బొట్టు పెట్టుకుని నలభై యుద్ధనౌకలు లవాయు దీవిని బూడిద చెయ్యడానికి బయల్దేరతాయి. ఈలోపల ఆ ఒక్క మాటా సరి చెయ్యాలి. ఇంత సభలో అది చెయ్యగలవాడు ఒక్కడే, గ్రంథం చదివేవాడు.

శరభుడు తలకు పాగా చుట్టి, కషాయం చెంబు పట్టుకుని, సభాభవనం వెనక గదిలోకి పోయాడు. అక్కడ ఆస్థాన పాఠకుడు గజకర్ణుడు అద్దం ముందు నిలబడి గొంతు సవరించుకుంటున్నాడు. శంఖవేలలో రాజగ్రంథం మీద ఎంగిలి తుంపర పడటం మహాపచారం. అందుకని పాఠకుడు ముక్కు నుంచి గడ్డం దాకా పట్టుగుడ్డ కట్టుకుని చదువుతాడు. అదే శరభుడికి దొరికిన సందు.

"ఎవడివోయ్ నువ్వు?"

"మిరియాల కషాయమండీ. గొంతుకు మంచిదని మహారాణీవారు పంపారు."

"మహారాణీవారా! ఆహా, ఎంత గుణగ్రహణం! ఇటివ్వు."

గజకర్ణుడు కళ్ళు మూసుకుని చెంబెత్తి గటగటా తాగుతుండగా శరభుడు అతని ఉత్తరీయంతోనే అతని చేతులు వెనక్కి విరిచి కట్టాడు. నోట్లో పాగా కుక్కాడు. తివాచీలు దాచే పెద్ద పెట్టెలో పడుకోబెట్టి మూత దించాడు.

"కాస్త ఓపిక పట్టండి స్వామీ. మీరు చదివితే ఒక ముసలి ప్రాణం పోతుంది. అది మీకెందుకు?" అని చెప్పి, పట్టుగుడ్డ ముఖానికి కట్టుకుని సభలోకి నడిచాడు.

ఆ సభను చూస్తే దేవతలకైనా కన్ను కుట్టాల్సిందే. నూరు స్తంభాలు, ప్రతి స్తంభానికీ ఒక పాలరాతి మకరం, ప్రతి మకరం నోట్లో ఒక నీలం. పైకప్పు నిండా ముత్యపుచిప్పల తాపడం; కిటికీల్లోంచి పడిన సముద్రపు వెలుగు అందులో ఆడుతుంటే, కూర్చున్న వాళ్ళంతా నీటి అడుగున ఉన్నట్టు కనిపిస్తున్నారు. తూర్పువైపు గోడే లేదు. పదకొండు మెట్లు నేరుగా సముద్రంలోకి దిగుతాయి. సింహాసనం మీద చండకీర్తి, పక్కన తెర చాటున మహారాణి, ఎదురుగా దంతపు పీఠం మీద గ్రంథం. పీఠం పక్కనే పంజరం దించారు. పీఠం ముందు మాంత్రికుడు కాకాక్షుడు తన ఇత్తడి దీపం వెలిగించుకుని కూర్చున్నాడు.

కాకాక్షుడి దీపానికి ఒక గుణం ఉంది. దాని ముందు ఏది చదివితే అది పొగలో బొమ్మకట్టి ఆడుతుంది. గ్రంథాలు రాసే ప్రభువులందరూ అందుకే అతణ్ణి నెత్తిన పెట్టుకుంటారు.

శరభుడు చదవడం మొదలుపెట్టాడు. 'లవాయు దీవిలోని రాక్షసులకు జానెడు తోకలుండును. వారు కూర్చుండు పీటలకు తోక దూర్చుకొనుటకు రంధ్రములుండును.' పొగలో తోకలు లేచాయి. సభ ఆహాకారాలు చేసింది. 'వారు పసిబిడ్డలను ఉప్పులో నానవేయుదురు.' పొగలో జాడీలు లేచాయి. మంత్రులు వడపప్పు నములుతూ, వణుకుతూ, ఇంకా ఇంకా అన్నట్టు ముందుకు వంగారు. ఏ తోకా లేని మనుషుల మధ్య మూడు రోజులు తిని పడుకుని వచ్చినవాడు శరభుడు. చదువుతున్న కొద్దీ నోరు చేదెక్కింది.

'వారు మనుష్యుని పట్టుకొని నడినెత్తి వాసన చూతురు. మాంసము పక్వమైనదో లేదో అట్లు తెలిసికొందురు.'

 సముద్రం మీదికి పోయేటప్పుడల్లా శరభుడి తల్లి అతణ్ణి కిందికి వంచి నడినెత్తి మూర్కొనేది. ఈ సభలో ఉన్నవాళ్ళలో తల్లి చేత తల మూర్కొనిపించుకోనివాడు ఎవడు? అయినా ఒక్కడికీ గుర్తు రాలేదు. ఒక సేనాని "అబ్బ, ఎంత నీచం!" అంటూ కళ్ళు మూసుకుని, ఒక కన్ను కొంచెం తెరిచి చూస్తున్నాడు. పంజరంలో తావోరు మాత్రం పొగవైపు చూసి, ఇదేం వింత తోలుబొమ్మలాట అన్నట్టు కనుబొమలు ముడిచింది.

అప్పుడే శరభుడు ఒకటి గమనించాడు. పొగలోని రాక్షసులెవరికీ ముఖం లేదు. అందరూ వీపు తిప్పే ఉన్నారు, లేదా జుట్టు ముందుకు పడి ఉంది. కాకాక్షుడు వేలితో పొగను అలా తిప్పుతున్నాడు. అతని నుదుట చెమట పట్టింది. అబద్ధానికి ఈ దీపం ఒళ్ళు ఇస్తుంది గానీ ముఖం ఇవ్వదన్నమాట!

అరవై ఒకటో ఆకు వచ్చింది.  'యువరాజైన కువలయుని ఆ రాక్షసులు పొట్టన పెట్టుకొనిరి' అని ఆకు మీద ఉంది. శరభుడు గుండె చిక్కబట్టుకుని గొంతెత్తి చదివాడు:

"యువరాజైన కువలయుని ఆ దీవివారు కడుపులో పెట్టుకొనిరి."

పొగ ఒక్కసారి తూలింది. కాకాక్షుడు రెండు చేతులా అడ్డుకోబోయాడు గానీ అది అతని వేళ్ళ సందుల్లోంచి జారి పైకి లేచింది. గుడిసె, గుడిసె ముందు పందిరి, పందిరి కింద వరసగా మనుషులు. అందరికీ ముఖాలున్నాయి. మధ్యలో కూర్చున్న యువకుడు మెల్లగా ఇటు తిరిగాడు. ఎడమ కనుబొమ మీద చిన్న గాటు. తెర వెనక నుంచి మహారాణి కేక వేసింది.

"నా తండ్రీ! కువలయా!"

శరభుడు పట్టుగుడ్డ లాగి పారేశాడు. "మహారాజా! నేను శరభుణ్ణి, మీ నౌకల ద్విభాషిని. ఆ దీవి మాట తెనిగించింది నేనే. యువరాజుగారు బతికి ఉన్నారండి! ఈ అవ్వే ఆయన్ను సాకింది. ఆ కబురు చెప్పడానికి తనంతట తాను వస్తే బోనులో పెట్టారు. జయంధరుడు ఒక్క మాట మార్చాడు. నేను చూసి కూడా ఊరుకున్నాను. నన్నేం చేసినా చెయ్యండి, ఈమెను వదలండి ప్రభూ!"

జయంధరుడి ముఖం తెల్లబోయింది. చెయ్యి కత్తిపిడి మీదికి పోయింది. 

చండకీర్తి సింహాసనం దిగి పొగ దగ్గరికి వచ్చాడు. పొగలో అతని కొడుకు నడుముకు ఆకుల గుడ్డ కట్టుకుని, గడ్డం మీద నీలపు పచ్చబొట్టుతో, నేల మీద బాసింపట్టు వేసుకుని కూర్చున్నాడు. ముందు ఒకే పెద్ద ఆకు. దాని చుట్టూ అందరి చేతులూ ఉన్నాయి. తావోరు దుంపలూ చేపా కలిపిన ముద్ద అతని నోట్లో పెట్టింది. సగం తిని మిగతా సగం పక్కవాడి నోట్లో పెట్టి అతను పగలబడి నవ్వాడు.

"ఆ ముద్ద ఎవరు కలిపారు?" అన్నాడు మహారాజు.

శరభుడికి ఆ ప్రశ్న అర్థం కాలేదు. "ఈ అవ్వే ప్రభూ. ఒడ్డుకు కొట్టుకొచ్చిన నాటి నుంచీ ఆయనకు ఆమె చేతి ముద్దే."

"ఆ ఒక్క ఆకులో ఎంతమంది తింటున్నారు?"

"ఏడుగురండి."

మహారాజు ఉత్తరీయంతో ముక్కు మూసుకున్నాడు. "ఛీ! ఒకరి ఎంగిలి ఒకరు. అందులో నా వంశాంకురం" అన్నాడు.

"ప్రభూ, వాడు నవ్వుతున్నాడు. చూడండి, బిడ్డ నవ్వుతున్నాడు!" అంటూ మహారాణి తెర తోసుకుని వచ్చింది.

"చూశాను. అందుకే చెబుతున్నాను." చండకీర్తి వెనక్కి తిరిగాడు. "జయంధరా, యువరాజు ఎలా మరణించాడని రాశావు?"

జయంధరుడు తడబడ్డాడు. "వీరమరణం మహారాజా. రాక్షసులతో పోరాడి."

"ఏ ఆకులో?"

"అరవై ఒకటో ఆకులో."

"ఆ ఆకు తప్పు కాకూడదు" అన్నాడు మహారాజు. "నలభై నౌకలూ ఇప్పుడే కదలాలి. నువ్వు తిరిగి వచ్చేసరికి గ్రంథంలో ఉన్నట్టే జరిగి ఉండాలి."

జయంధరుడికి అర్థం కావడానికి కొంచెం సమయం పట్టింది. అర్థమయ్యాక అతను నడుము వంచి నమస్కరించాడు. మంత్రుల్లో ఒకడు "రాజధర్మం!" అన్నాడు. నలుగురు అందుకుని "రాజధర్మం, రాజధర్మం" అన్నారు.

ఇంతసేపూ శరభుడికి అబద్ధం మీదే అసహ్యం. నిజం చూపిస్తే చాలు, అంతా చక్కబడుతుందనుకున్నాడు. ఇప్పుడు ఆ నిజాన్ని కళ్ళారా చూసి కూడా వడపప్పు పళ్ళెం పక్కన పెట్టని ఆ ముఖాల్ని చూశాక, ఆ అసహ్యమంతా వాళ్ళ మీదికి తిరిగింది. ఖాండ్రించి ఉమ్మాడు. ఆ ఉమ్ము సరిగ్గా అరవై ఒకటో ఆకు మీద పడింది.

"అపచారం! మహాపచారం!" అంటూ సభ మొత్తం లేచి నిలబడింది. కన్నకొడుకును చంపమన్నప్పుడు ఎవడూ లేవలేదు!

"నరకండి ఇద్దర్నీ!" అని గర్జించాడు జయంధరుడు.

భటులు దూకేలోపల మహారాణి పంజరం దగ్గరికి చేరింది. తన చేత్తో గొళ్ళెం లాగి తలుపు తెరిచి, దానికి అడ్డంగా నిలబడింది. పట్టమహిషి మీద చెయ్యి వెయ్యడానికి భటులు జంకారు. తావోరు బయటికి వచ్చి, ఆమె ఎవరో ఎవరూ చెప్పకుండానే గుర్తుపట్టి, రెండు చేతులా ఆ తల వంచి నడినెత్తి గాఢంగా మూర్కొంది. మహారాణి వెక్కి ఏడ్చింది.

"తీసుకుపోవయ్యా! నా బిడ్డకు ముందుగా కబురు అందించు. పో!" అంది శరభుడితో.

శరభుడు అవ్వ మణికట్టు పట్టుకుని మెట్లవైపు పరుగెత్తాడు. కాకాక్షుడు పళ్ళు కొరికి దీపంలోని నూనెంతా ఒక్కసారిగా మంట మీద కుమ్మరించాడు. ఆకులన్నిట్లోని రాక్షసులూ పొగలోంచి ఊడిపడ్డారు. తాటిచెట్టంత ఒళ్ళు, తోకలు, గదలు, ముఖం ఉండాల్సిన చోట బూడిదరంగు ముద్ద. ఒక గద గాలిలో తిరిగి స్తంభాన్ని తాకింది. పాలరాతి మకరం తునాతునకలైంది. ఇందాక ముచ్చటపడి చూసిన సభ్యులు ఇప్పుడు ఒకళ్ళనొకళ్ళు తొక్కుకుంటూ పీఠాల కింద దూరారు.

"అవ్వా, వీటికి కళ్ళు లేవు! చప్పుడు చెయ్యకుండా వంగి నడు!" అన్నాడు శరభుడు ఆమె భాషలో.

రెండు తోకల మధ్య నుంచి దూరారు. ఒక పాదం కింద నలగబోయి పక్కకు దొర్లారు. వెనకే కేకలు వేస్తూ వచ్చిన జయంధరుడి గొంతు విని ఒక రాక్షసుడు అటే తిరిగి గద విసిరాడు. నౌకాధిపతి తన గ్రంథంలోని రాక్షసుడి దెబ్బ తప్పించుకోవడానికి బోర్లా పడి, పన్ను ఒకటి విరగ్గొట్టుకున్నాడు. ఆ సందులో వాళ్ళు పదకొండు మెట్లూ దిగి నీళ్ళలో దూకారు. బాణాలు చుట్టూ పడుతుంటే నీటి అడుగునే ఈదుకుంటూ పోయి, శరభుడు పొద్దున రేవు రాళ్ళ చాటున కట్టేసి ఉంచిన చిన్న నావ ఎక్కారు. కట్టు కోసి తెరచాప విప్పగానే నావ అలల మీదికి ఉరికింది.

బాణం అందనంత దూరం వచ్చాక తావోరు కోరలు పీకి నీళ్ళలో పారేసింది. దోసిళ్ళతో ముఖం కడుక్కుంది. మసి కింద నుంచి అలసిన మామూలు ముఖం బయటపడింది. సూర్యుణ్ణీ అలల వాలునూ చూసి, నావ మూతి కొంచెం దక్షిణానికి తిప్పమంది. పెద్ద ఓడలు ఎరగని దారి అది, ఆరు రోజులు కలిసొస్తాయట.

"ఆ పొగలో నా బిడ్డను చూపించావు. బాగుంది. తల్లి ఏడ్చింది, చూశాను. తండ్రి ఏమన్నాడు నాయనా?" అని అడిగింది.

శరభుడు ఆమె కళ్ళలోకి చూడలేకపోయాడు. కానీ ఈసారి ఏ మాటా మింగదలుచుకోలేదు. "కొడుకును చంపమన్నాడు అవ్వా" అన్నాడు.

అవ్వ తల అడ్డంగా ఊపింది. "నీకు మా మాట ఇంకా సరిగా పట్టుబడలేదు. 'తండ్రి' అనే మాటతో ఆ మాట కలవదు. నువ్వు వేరే ఏదో చెప్పబోయావు. మళ్ళీ చెప్పు."

"చంపమన్నాడు. నీ చేతి ముద్ద తిన్నందుకు."

"మళ్ళీ అదే తప్పు" అంది ఆమె ఓపిగ్గా, పసివాడికి మాటలు నేర్పుతున్నట్టు. "తండ్రి, కొడుకును. దాని తర్వాత ఏ మాట రావాలి? రమ్మన్నాడు. తీసుకురమ్మన్నాడు. వాటిల్లో ఏది?"

 శరభుడు చెయ్యెత్తి వెనక్కి చూపించాడు.

రేవులో యుద్ధశంఖాలు మోగుతున్నాయి. నలభై నౌకల తెరచాపలు ఒకదాని వెంట ఒకటిగా లేస్తున్నాయి. తావోరు చాలాసేపు వాటిని చూసింది. తర్వాత వంగి, రెండో తెడ్డు చేతిలోకి తీసుకుంది.